ఇల్లు ఖాళీ అయినది, బాడుగ రాలేదు

హోసూరు, కృష్ణగిరి ప్రాంతాలలో తరాలుగా స్థిరపడిన మన కుటుంబాలలో, ఇంటిలో ఒక వాటా బాడుగకిచ్చి ఆ సొమ్ముతో కాలం గడుపుకొనే పెద్దలు చాలామంది ఉన్నారు. బాడుగదారు బకాయి పెట్టి వెళ్ళిపోతే, "ఇల్లు దక్కింది, అదే చాలు" అని వారు ఊరుకొనడం మేము చూస్తూనే ఉన్నాము. ఊరుకొనవలసిన పని లేదు.

మాకు తెలిసిన ఒక పెద్దమ్మగారి సంగతి వినండి. నెలకు 8,000 రూపాయల బాడుగ. ఏడు నెలల బకాయి. కోర్టు ఉత్తర్వుతో ఇల్లు ఖాళీ అయినది. ఆ తర్వాత రెండేళ్ళు దాటినా ఆమె బకాయి అడగలేదు. "ఖాళీ చేయించిన తర్వాత ఇంకేమి అడుగుతాము నాయనా?" అన్నారు. ఇల్లు ఖాళీ అయినంతమాత్రాన బాకీ రద్దు కాదని మేము ఆమెకు నచ్చచెప్పవలసి వచ్చినది.

ముందుగా ఖాళీ చేయించిన ఉత్తర్వును చదివించుకోవాలి. అందులోనే బకాయి చెల్లించమని ఉంటే కొత్త దావా అక్కరలేదు. దాన్ని అమలు చేయించుకుంటే చాలు. లేకపోతే సొమ్ముకు వేరుగా దావా వేయాలి.

1963 నాటి కాలపరిమితి చట్టం ప్రకారం బాడుగ బకాయికి గడువు మూడేళ్ళు. ఏ నెల బాడుగకు ఆ నెల చెల్లించవలసిన తేదీనుంచే లెక్క. ఇల్లు ఖాళీ అయిన రోజునుంచి కాదు. నోటీసు పంపినా గడువు ఆగదు. అయితే గడువులోపల బాడుగదారు "ఇంత ఇవ్వాలి" అని వ్రాసి సంతకం చేస్తే, ఆ రోజునుంచి గడువు మళ్ళీ మొదలవుతుంది.

రెండవది అడ్వాన్సు. తమిళనాడులో 22-2-2019 నుంచి అమలులో ఉన్న 2017 నాటి బాడుగ చట్టం ప్రకారం, ఇల్లు చేతికి వచ్చిన నెలలోపల, బాకీ పట్టుకొని మిగిలినదే తిరిగి ఇవ్వాలి. పెద్దమ్మగారి దగ్గర 24,000 అడ్వాన్సు ఉన్నది. మూడు పాత నెలలకు అది సరిపోయింది. మిగిలినవి నాలుగు నెలలు, 32,000 రూపాయలు.

బాడుగ పత్రము, బ్యాంకు పుస్తకము, ఖాళీ ఉత్తర్వు జతచేసి, అందినట్టు రశీదు వచ్చే తపాలాలో వకీలు నోటీసు పంపాలి. ఏ కోర్టు గడప తొక్కాలో వకీలే నిశ్చయిస్తారు. బాడుగదారు సరిహద్దు దాటి బెంగుళూరు వెళ్ళిపోయినా భయము లేదు. వ్యవహారము ఇక్కడ జరిగినది కాబట్టి దావా ఇక్కడే వేయవచ్చు. డిక్రీని అమలుకోసం అక్కడి కోర్టుకు పంపించుకోవచ్చు. బాడుగదారు ఇచ్చిన చెక్కు డబ్బు లేక తిరిగి వస్తే, బ్యాంకు కబురు అందిన 30 రోజులలో నోటీసు ఇవ్వాలి. అది అందిన 15 రోజులలో చెల్లించకపోతే క్రిమినల్ ఫిర్యాదుకు నెల గడువు.

సొమ్ము డిక్రీని 12 ఏళ్ళలోపు అమలు చేయించుకోవచ్చు. జీతంలో కొంత భాగము, బ్యాంకు సొమ్ము జప్తు చేయవచ్చు. కట్టుబట్టలు, వంటపాత్రలు, స్త్రీల మంగళసూత్రము వంటివి ముట్టరాదు. ఇక సామాను మనమే తాళంవేసి పట్టుకొనడం పొరపాటు. దానివల్ల నిందితులము మనమే అవుతాము.

లోక్ అదాలత్ దారి కూడా ఉన్నది. దావా వేయకముందే అక్కడికి వెళ్ళవచ్చు. అక్కడి రాజీ డిక్రీతో సమానము, దానిపై అప్పీలు లేదు. పెద్దమ్మగారు ఆ దారినే పట్టారు. అవతలివానికి పని పోయి కష్టపడుతున్నాడని అక్కడే తెలిసింది. నెలకు 4,000 చొప్పున ఎనిమిది వాయిదాలకు ఇద్దరూ ఒప్పుకొన్నారు. "అడగకపోతే నాకు నష్టము, అడిగిన తీరు తప్పితే వానికి కష్టము" అన్నారామె.

మన పాఠకులలో ఎవరికైనా ఇటువంటి బకాయి ఉంటే, ఈ రాత్రే పాత పత్రాలు తీసి, మొదటి బకాయి నెల ఏదో చూసుకొనవలెనని మా మనవి.