రౌటరు బిట్టుల ఎన్నిక: కొయ్యపని చేయు కర్షకులకు కొన్ని సూచనలు



2008వ సంవత్సరము మార్చి నెలలో శంషాబాదునందు రాజీవ్ గాంధీ అంతర్జాతీయ విమానాశ్రయము తెరవబడినది. అందులకు సుమారు 5,500 ఎకరముల భూమి పట్టినది. నాటినుండి ఈ చుట్టుపట్ల గ్రామములలో పాత యిండ్లు కూలుచు క్రొత్త యిండ్లు లేచుచున్నవి. కూల్చిన యింటి టేకు దూలములును, ద్వారబంధములును అగ్గువకు అమ్మివేయదగినవి కావు. గట్టున పెరిగి యెండిన వేప, తుమ్మ మ్రాకులును అట్టివే. వీనిని తలుపులుగను, మంచములుగను, ధాన్యపు పెట్టెలుగను మలచుకొనుటకు విద్యుత్తుతో నడచు రౌటరను చేతి యంత్రము మిక్కిలి యుపకరించును. ఉలితో పూటంతయు పట్టు గాడిని ఇది కొలది నిమిషములలో తీయును. అయితే కొయ్యను నిజముగా కోయునది యంత్రము కాదు, దాని మూతిని బిగించు బిట్టు. తగని బిట్టును బిగించినచో కొయ్య చెడును, ధనము చెడును, ఒక్కొక్కప్పుడు వ్రేళ్లకే ముప్పు వచ్చును.

మొదట పనిని నిర్ణయించుకొని, పిమ్మట బిట్టును కొనవలెను. తలుపు చట్రములో పలక కూర్చుండుటకు గాడి తీయవలెనన్న తిన్నని బిట్టు చాలును. కిటికీ చట్రపు అంచున అద్దము నిలుచుటకు మెట్టు తీయవలెనన్న, కొనయందు బేరింగు గల మెట్టు బిట్టు కావలెను. మంచపు పట్టెల అంచులు ఒంటికి గ్రుచ్చుకొనకుండ గుండ్రముగా చేయుటకు వేరొక బిట్టు కలదు. ప్లైవుడ్డుపై అంటించిన సన్మైకా రేకును అంచునకు సరిగా కత్తిరించుటకు మరియొకటి కలదు. రైతు యింటి పనులలో పెక్కింటికి ఈ నాలుగు చాలును. ముప్పది బిట్టులు గల పెట్టె చౌకగా వచ్చినదని కొనుటకంటె, మేలైన నాలుగింటిని కొనుట లాభము. గాడి తీయునపుడు పలక మందముకంటె సన్నని బిట్టును తీసికొని రెండు మారులు నడుపవలెను. ఏలయన ప్లైవుడ్డు చెప్పిన మందమునకు సరిగా నుండుట అరుదు.

రెండవది లోహము. ఉక్కు బిట్టు చౌక. మెత్తని కొయ్యకు పనిచేయును. కాని టేకులో ఇసుకవంటి సిలికా యుండును. ప్లైవుడ్డులో జిగురు గట్టిపడి యుండును. ఈ రెండును ఉక్కు పదునును త్వరగా తినివేయును. తుమ్మ చేవ సహజముగనే కఠినము. కావున వీనికి కార్బైడు పలుకులు అతికిన బిట్టు ఉత్తమము. 1920ల చివర జర్మనీలోని క్రుప్ కర్మాగారమువారు ఈ లోహమును ‘విడియా’ యను పేర విక్రయించిరి. వజ్రమువంటిది అని ఆ పేరునకు భావము. ఎంత గట్టిదో అంత పెళుసైనది గనుక, మేకు తగిలినంతనే పలుకు ఎగిరిపోవును. పాత కొయ్యపై ముందుగా అయస్కాంతమును త్రిప్పి చూచి, మేకులన్నియు పెరికిన పిదపనే పని మొదలిడవలెను.

మూడవది బిట్టు కాడ. మన అంగళ్లలో 6 మిల్లీమీటర్ల కాడయు, పావు అంగుళపు కాడయు దొరకును. పావు అంగుళమనగా 6.35 మిల్లీమీటర్లు. కంటికి రెండును ఒకటిగనే తోచును. కాని పావు అంగుళపు పట్టులో 6 మిల్లీమీటర్ల కాడను బిగించినచో అది పని నడుమ జారి యెగురవచ్చును. 12 మిల్లీమీటర్లకును, 12.7 మిల్లీమీటర్లైన అర అంగుళమునకును ఇదే భేదము. పెద్ద బిట్టులకు లావుపాటి కాడయే క్షేమము. అది తక్కువగా వణకును. కాడలో కనీసము మూడు వంతులు పట్టులోనికి దిగవలెను. అడుగు తాకిన పిమ్మట రెండు మూడు మిల్లీమీటర్లు పైకి లాగి బిగింపవలెను.

నాలుగవది వేగము. 50 మిల్లీమీటర్ల వెడల్పు గల బిట్టు నిమిషమునకు 22,000 మారులు తిరిగినచో దాని అంచు వేగము గంటకు 200 కిలోమీటర్లు మించును. అది రన్‌వేపై పరుగిడు విమానపు వేగముతో పోల్చదగినది. 25 మిల్లీమీటర్ల లోపు బిట్టులకు ఆ వేగము తగును. 50 మిల్లీమీటర్ల దానికి 18,000 మించరాదు. అంతకు పెద్దవానికి ఇంకను తగ్గింపవలెను. బిట్టుపై తయారీదారు ముద్రించిన హద్దు యింతకంటె తక్కువైనచో దానినే పాటింపవలెను. ఒక్క మారే లోతుగా కోయక, 3 మొదలు 6 మిల్లీమీటర్ల చొప్పున దింపవలెను. కొయ్య నల్లబడినచో బిట్టు మొద్దుబారినదనియో, చేయి మిక్కిలి నెమ్మదిగా నడచుచున్నదనియో గ్రహింపవలెను.

యంత్రమును చేత పట్టి నడపునపుడు బయటి అంచు వెంబడి అప్రదక్షిణముగను, చట్రపు లోపలి అంచు వెంబడి ప్రదక్షిణముగను పోవలెను. తప్పినచో యంత్రమే చేతిని లాగుకొనిపోవును. బిట్టు మార్చునపుడు విద్యుత్తీగను గోడనుండి ఊడదీయవలెను. కంటికి అద్దములును, ముక్కునకు ముసుగును తప్పనిసరి. కొయ్యపొడి క్యాన్సరు కలిగింపగలదని అంతర్జాతీయ క్యాన్సరు పరిశోధన సంస్థ 1995లో ప్రకటించినది.

ఒక్కొక్క యింటికి రౌటరు పని యేడాదిలో కొలది దినములే. కావున పది కుటుంబములు కూడి ఒక యంత్రమును, నాలుగు మేలైన బిట్టులను ఉమ్మడిగా కొని, వాడినవారు శుభ్రపరచి పుస్తకములో వ్రాసి యప్పగించు నియమము పెట్టుకొనుట మేలు. మొద్దుబారిన దానిని మరుగుపరచక చెప్పుటయే అందులో ముఖ్య నియమము. ఒకరు దాచిన మొద్దుబిట్టు మరియొకరి చేతికి గాయము కాగలదు. ఒంటరిగా చౌక సరుకు కొనువాడు మరల మరల కొనును. కూడి మేలైనది కొనువారు ఒక్కమారే కొందురు.