కీ తప్పయితే కోర్టుకి వెళ్లొచ్చా? ముందు తేదీలు చూసుకోండి

పోయిన ఎపిసోడ్ చూసి ఒక తమ్ముడు మెసేజ్ పెట్టాడు. "అన్నా, ఫైనల్ కీలో రెండు జవాబులు తప్పిచ్చారు. ఒక్క మార్కులో ఉద్యోగం పోయింది. కేసు వేస్తే గెలుస్తానా?" నేను తిరిగి ఒక్కటే అడిగాను. ప్రిలిమినరీ కీ ఇచ్చినప్పుడు అభ్యంతరం పెట్టావా? "లేదన్నా, ఎలాగూ వస్తుందిలే అనుకుని చూడలేదు" అన్నాడు.

ఇవాళ మాట్లాడుకునేది దీని గురించే. న్యాయం మన వైపున్నా సరే, టైమ్‌కి అడగకపోతే దాని బలం సగం పోతుంది.

కీ విషయంలో 2017లో రణ్‌విజయ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు గట్టిగానే చెప్పింది. బోర్డు ఇచ్చిన కీ సరైనదే అనుకుని మొదలుపెట్టాలి. అనుమానం ఉంటే ఆ లాభం బోర్డుకే, అభ్యర్థికి కాదు. తప్పు అనేది చూడగానే తేలిపోవాలి, గంటసేపు వాదించి నిరూపించాల్సి వస్తే కుదరదు. వినడానికి కష్టంగానే ఉంటుంది, నాక్కూడా ఇది కొంచెం అన్యాయం అనిపిస్తుంది. కానీ రూల్ ఇదే. అందుకే అభ్యంతరాల గడువులోనే తెలుగు అకాడమీ పుస్తకమో, ప్రభుత్వ వెబ్‌సైటో, పేజీతో సహా జత చేసి పంపండి. రసీదు స్క్రీన్‌షాట్ తీసి మీకు మీరే మెయిల్ చేసుకోండి, ఫోన్ పోయినా అది ఉంటుంది.

ఇంకో చిక్కు ఉంది. నోటిఫికేషన్‌లో ఎంపిక పద్ధతి నచ్చకపోయినా నోరు మూసుకుని పరీక్ష రాసి, ఫెయిలయ్యాక "ఆ పద్ధతే తప్పు" అంటే కోర్టులు సాధారణంగా ఒప్పుకోవు. 1995లో మదన్‌లాల్ కేసు నుంచి ఇదే మాట చెబుతున్నారు.

మరి నోటిఫికేషన్ మనల్నే కట్టేస్తుందా? కాదు, వాళ్లనీ కట్టేస్తుంది. తెలంగాణ గ్రూప్-1 గుర్తుందా? 2022లో 503 పోస్టులకి నోటిఫికేషన్. పేపర్ లీకై మొదటి ప్రిలిమ్స్ రద్దు. 2023 జూన్ 11న మళ్లీ పెట్టారు, రెండు లక్షల మందికి పైగా రాశారు. కానీ బయోమెట్రిక్ తీసుకోలేదు. నోటిఫికేషన్‌లో మీరే రాసిన దాన్ని మీరే పాటించలేదు కదా అని కొందరు అభ్యర్థులు హైకోర్టుకి వెళ్లారు. ఆ సెప్టెంబర్‌లో అదీ రద్దయింది. నిజాయితీగా రాసినవాళ్ల కష్టం కూడా దాంతోపాటే పోయింది, అది వేరే బాధ. అలాగే ఆట మొదలయ్యాక రూల్స్ మార్చకూడదని, ముందున్న నిబంధనలు అనుమతిస్తే తప్ప కుదరదని, 2024 నవంబర్ 7న అయిదుగురు జడ్జిల రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది.

ఇక మన బాధ్యత. అప్లికేషన్ నెట్ సెంటర్ అతను నింపినా సంతకం మీదే, తప్పు పడితే ఖాతా మీదే. అర్హతలు నోటిఫికేషన్ చెప్పిన తేదీకి ఉండాలి. వెరిఫికేషన్ ఫారంలో పోలీసు కేసు గురించి అడిగితే దాచకండి. 2016లో అవతార్ సింగ్ తీర్పు ప్రకారం చిన్న కేసయితే నిజం చెప్పినవాడికి దారి దొరకొచ్చు, దాచినవాడికి ఉద్యోగంలో చేరాక కూడా గండమే. పేపర్ ఇప్పిస్తానన్న బ్రోకర్ సంగతి చెప్పక్కర్లేదు. ఆ లీకు కేసులో కొన్నవాళ్లని కూడా అరెస్టు చేశారు, కమిషన్ డీబార్ చేసింది.

ఎక్కడికి వెళ్లాలి? రాష్ట్ర కమిషన్లయితే హైకోర్టులో రిట్. రైల్వే, పోస్టల్ లాంటి కేంద్ర ఉద్యోగాలకి ముందు క్యాట్, దానికి మామూలుగా ఏడాది గడువు. రిట్‌కి అలాంటి లెక్క లేకపోయినా, అందరూ పోస్టింగుల్లో చేరాక వెళితే వాళ్లనీ పార్టీలుగా చేర్చాలి, జడ్జి "ఇన్నాళ్లూ ఏం చేశారు?" అనడం ఖాయం. అమ్మాయిలకి, ఎస్సీ, ఎస్టీలకి ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత లాయర్ దొరుకుతారు, హైకోర్టులోనే ఉండే లీగల్ సర్వీసెస్ కమిటీలో అడగండి.

ఆ తమ్ముడికి ఏం చెప్పానంటే, ముందు ఆర్టీఐ పెట్టి నీ ఓఎంఆర్ కాపీ తీసుకో, ఫీజు పది రూపాయలే, 30 రోజుల్లో జవాబివ్వాలి. ఆ రెండు ప్రశ్నల మీద ఇంకెవరైనా గడువులో అభ్యంతరం పెట్టారా, బోర్డు ఏమని తిరస్కరించిందో కూడా అందులోనే అడుగు. ఆ కాగితాలు పట్టుకుని అప్పుడు లాయర్ దగ్గరికి వెళ్దువుగాని. ఈలోపు వచ్చే నోటిఫికేషన్ చదువుతున్నాడట, కీ తేదీకి ఫోన్‌లో అలారం కూడా పెట్టుకున్నాడు.