మీకు తెలుసా? వకీల్ సాబ్ వెనక ఇందూరు మనిషి

‘వకీల్ సాబ్’ అనగానే నల్లకోటులో పవన్ కల్యాణ్ గుర్తొస్తాడు. అతణ్ని కోర్టు మెట్లెక్కించిన నిర్మాత దిల్ రాజు మాత్రం మన నిజామాబాద్ (ఇందూరు) జిల్లా నర్సింగ్‌పల్లి బిడ్డ. అసలు పేరు వెంకటరమణారెడ్డి. 2003లో నిర్మాతగా తీసిన తొలి సినిమా ‘దిల్’ పేరే ఇంటిపేరైంది. అందులో హీరో నితిన్‌దీ నిజామాబాదే!

‘వకీల్ సాబ్’కు మూలమైన 2016 నాటి హిందీ ‘పింక్’లో అమితాబ్ బచ్చన్ జబ్బుపడిన ముసలి లాయరు. 2019లో తమిళంలో అజిత్ అదే కోటు తొడిగాడు. 2021 ఏప్రిల్ 9న విడుదలైన తెలుగు సినిమాకు దర్శకుడు వేణు శ్రీరామ్. మనవాళ్లు వకీలుకు ప్రేమకథ, ఫైట్లు కూడా జతచేశారు. అవి లేకున్నా నడిచేదేమో గానీ, టికెట్ కొన్న అభిమాని ఊరుకుంటాడా? నిజమైన దెబ్బలాట మాత్రం బోనుకు అటూ ఇటూ పవన్, ప్రకాశ్‌రాజ్‌ల మధ్యే. ఆడపిల్ల ‘వద్దు’ అంటే వద్దనే అర్థమన్నది అక్కడి వాదన.

పవన్ కల్యాణ్‌తో దిల్ రాజు తీసిన తొలి సినిమా కూడా ఇదే.