నైట్రిక్ ఆక్సైడు విషమును విరుచు ఎంజైము – దాని నామధేయము

మా పాఠశాల రసాయన ప్రయోగశాలయందు పై తరగతుల విద్యార్థులు ఏటేట చేయు ప్రయోగ మొకటి కలదు. గాజుబుడ్డిలోని రాగిముక్కలపై నీరు కలిపిన నత్రికామ్లమును పోయుదురు. బుడగలు బుడగలుగా ఒక వాయువు పుట్టును. నీటి మీదుగా జాడీలోనికి పట్టినపుడు ఆ వాయువునకు రంగు లేదు. మూత తీసి గాలి సోకనిచ్చినంతనే అది గోధుమవన్నె పొగగా మారిపోవును. పొగ వచ్చినదని పిల్లలు సంతోషింతురు. ఉపాధ్యాయులు కిటికీలు తెఱపింతురు. ఆ రంగులేని వాయువే నైట్రిక్ ఆక్సైడు. ఒక నత్రజని పరమాణువు, ఒక ఆమ్లజని పరమాణువు కూడిన అతి చిన్న అణువు. 1772వ సంవత్సరమున ఆంగ్ల రసాయనవేత్త జోసెఫ్ ప్రీస్ట్లీ దీని గుణములను పరిశీలించి ప్రకటించెను.

ఈ వాయువు మన శరీరములో కూడ అనుక్షణము పుట్టుచున్నదని చెప్పినచో పిల్లలు నమ్మరు. కాని అది సత్యము. మన రక్తనాళముల లోపలి పొర స్వల్పమాత్రలో దీనిని తయారుచేయును. దాని ప్రభావమున నాళము సడలి నెత్తురు సాఫీగా పాఱును. ఈ రహస్యమును వెల్లడించినందుకే ఫర్చ్‌గాట్, ఇగ్నారో, మురాద్ అను ముగ్గురు అమెరికా శాస్త్రజ్ఞులకు 1998లో వైద్యశాస్త్రమున నోబెల్ బహుమాన మీయబడెను.

స్వల్పమాత్రలో సందేశము మోసెడి ఈ వాయువే, అధికమాత్రలో ఆయుధము. రోగక్రిములు దేహములో ప్రవేశించినపుడు మన రక్షకకణములు వానిని మ్రింగి, ఆర్జినిన్ అను అమినో ఆమ్లమునుండి నైట్రిక్ ఆక్సైడును విస్తారముగా పుట్టించి వానిపై ప్రయోగించును. అది క్రిమి శరీరములోని ఇనుము గల మాంసకృత్తులను పట్టుకొనును. శ్వాసక్రియకు ఆధారమైన ఎంజైములు స్తంభించును. ఊపిరి ఆడకుండ గొంతు నులిమినట్లు క్రిమి నిశ్చేష్టమగును.

అట్లయిన క్రిములన్నియు నశింపవలెను గదా? నశించుట లేదు. ఏల? ఈ ప్రశ్నకు సమాధానము చెప్పుటయే మా వ్యాసమునకు ప్రయోజనము. అనేక సూక్ష్మజీవుల యొద్ద ఈ విషమునకు విరుగుడు కలదు. ఆ విరుగుడు ఒక ఎంజైము. దాని పేరు పాఠ్యగ్రంథములలో చూచిన విద్యార్థికి నోరు తిరుగదు. కాని ఆ పేరును విడదీసి చదివినచో దాని చరిత్ర, స్వరూపము, వృత్తి మూడును అందే దొరకును.

ముందుగా చరిత్ర. నెత్తుటికి ఎఱుపు నిచ్చు హిమోగ్లోబిన్ నెత్తురు గల ప్రాణులకే సొత్తని చాలకాలము తలచిరి. అది పొరపాటని రైతుబిడ్డలెవరైనను చూపగలరు. పచ్చని వేరుసెనగ మొక్కను మెల్లగా పెఱికి, వేళ్ళకున్న బుడిపెను గోటితో చీల్చి చూడుడు. లోపల గులాబిరంగు కనబడును. అది హిమోగ్లోబిన్ జాతికి చెందిన పదార్థపు రంగే. 1953లో కేంబ్రిడ్జి పండితుడు డేవిడ్ కీలిన్ ఈస్టునందు కూడ హిమోగ్లోబిన్ ఉన్నదని తెలిపెను. రొట్టెపిండిని పొంగించు ఈస్టుకు నాళములు లేవు, గుండె లేదు. దానికి హిమోగ్లోబిన్ ఏల? ఆనాడు ఎవరును చెప్పలేకపోయిరి.

1991లో వాసుదేవన్, పూల్ మొదలగు పరిశోధకులు ఎషెరీషియా కోలై అను బాక్టీరియమునందు ఇట్టిదే ఒక మాంసకృత్తును, దానిని నిర్మించు జన్యువును వర్ణించిరి. వారు వెదకినది వేఱొక ఎంజైము, దొరకినది ఇది. ఎషెరీషియా కోలై మన ప్రేగులలో నివసించునది. 1885లో దానిని వర్ణించిన వైద్యుడు తియొడోర్ ఎషెరిష్ పేరు దానికి నిలిచినది. క్రొత్తగా దొరకిన మాంసకృత్తు ఏమి చేయునో తెలియదు గాన, హిమోగ్లోబిన్‌ను పోలినదను అర్థమున ఆ జన్యువునకు హెచ్.ఎం.పి. అని మూడక్షరముల పొట్టిపేరు పెట్టిరి. శిశువు గుణము తెలియక ముందు తాతను పోలినాడని తాతపేరు పెట్టుట మన యిండ్లలో లేదా? అట్టిదే ఇదియును.

ఆ శిశువు ఏ పని చేయునో కనుగొనుటకు ఏడేండ్లు పట్టినది. పరీక్షనాళికలో అది అనేక పదార్థములకు ఎలక్ట్రానుల నందీయగలదు. అందుచేత చూచినవారు చూచిన పేరు పెట్టిరి. టెరిడిన్ జాతి పదార్థమును క్షయకరణము చేయునని ఒకరు, ఇనుమును పట్టియుంచు పదార్థములపై పనిచేయునని మఱియొకరు వర్ణించిరి. ఈ పేర్లన్నియు అది చేయగల పనులనుబట్టి వచ్చినవి. చేయుటకై పుట్టిన పనినిబట్టి వచ్చినవి కావు. 1996లో ఒక జాడ దొరకెను: నైట్రిక్ ఆక్సైడు సోకినపుడు ఈ జన్యువు మేల్కొనుచున్నదని తేలినది. 1998లో పాల్ గార్డ్‌నర్ బృందమును, స్టామ్లర్ బృందమును వేర్వేరుగా అసలు సంగతిని వెల్లడించిరి. నైట్రిక్ ఆక్సైడు విషమును విరుచుటయే దాని వృత్తి. నోబెల్ బహుమాన మిచ్చిన యేటనే దాని విరుగుడు కూడ తేటపడుట చిత్రము.

ఇక స్వరూపము. దీనిని ఫ్లేవోహిమోగ్లోబిన్ అందురు. ‘ఫ్లేవో’ యనగా లాటిన్ భాషలో పసుపుపచ్చనిది. ‘హీమ్’ అను గ్రీకుమూలమునకు నెత్తురని అర్థము. ‘గ్లోబ్’ అనగా గోళము. ఇది 396 అమినో ఆమ్లముల గొలుసు. అందు మూడు భాగములు కలవు. మొదటి భాగము మన హిమోగ్లోబిన్‌ను పోలియుండి, నడుమ ఇనుము గల హీమ్‌ను ధరించును. రెండవది బి-రెండు విటమినునుండి ఏర్పడు ఎఫ్.ఎ.డి. అను పసుపుపచ్చని పదార్థమును పట్టియుంచును. మూడవది నయాసిన్ విటమినునుండి ఏర్పడు ఎన్.ఎ.డి.హెచ్. అను ఎలక్ట్రాను వాహకమునకు ఆసన మిచ్చును.

ఈ మూడును కలిసి పనిచేయు తీరు ముచ్చటైనది. హీమ్‌లోని ఇనుము ముందుగా ప్రాణవాయువును పట్టుకొనును. నైట్రిక్ ఆక్సైడు అణువు వచ్చి ఆ ప్రాణవాయువుతో కలియును. రెండు ఆమ్లజని పరమాణువులును దానిలో చేరగా అది నైట్రేటుగా మారి వెడలిపోవును. నైట్రేటు నిరపాయము, పొలములకు ఎరువుగా వేయు లవణములలో నున్నది అదియే. కాని ఈ పనిలో ఇనుము ఒక ఎలక్ట్రానును కోల్పోవును. మరల పట్టుటకు శక్తి చాలదు. అప్పుడు ఎన్.ఎ.డి.హెచ్. తన రెండు ఎలక్ట్రానులను ఎఫ్.ఎ.డి.కి ఒప్పగించును, ఎఫ్.ఎ.డి. వానిని ఒక్కొక్కటిగా ఇనుమునకు పంచును. ఇనుము యథాస్థితికి వచ్చును. కావున లెక్క ఇట్లు తేలుచున్నది: రెండు నైట్రిక్ ఆక్సైడు అణువులు, రెండు ప్రాణవాయువు అణువులు, ఒక ఎన్.ఎ.డి.హెచ్. కలిసి రెండు నైట్రేటుల నిచ్చును.

నైట్రిక్ ఆక్సైడు మన నెత్తుటి హిమోగ్లోబిన్‌తో కలిసినను ఇట్లే నైట్రేటు ఏర్పడును. కాని మన హిమోగ్లోబిన్‌ను బాగుచేయుటకు వేఱొక ఎంజైము రావలెను. సూక్ష్మజీవియందు పనివాడును, పనిముట్టును బాగుచేయు కమ్మరియు ఒకే కప్పుక్రింద నున్నారు.

ఈ సందర్భమున ఒక తండ్రీకొడుకులను స్మరింపవలసి యున్నది. ఉప్పువేసి నిలువజేసిన మాంసము ఎఱ్ఱగా నుండుటకు హిమోగ్లోబిన్‌తో నైట్రిక్ ఆక్సైడు కలియుటయే కారణమని 1901లో చూపినవాడు జాన్ స్కాట్ హాల్డేన్. ఎంజైముల వేగమును గణితమునకు లొంగదీసిన పండితులలో నొకడు ఆయన కుమారుడు జె.బి.ఎస్. హాల్డేన్, 1930లో ‘ఎంజైములు’ అను గ్రంథమును వెలువరించెను. ఆ కుమారుడు 1957లో భారతదేశమునకు వచ్చి ఇచ్చటనే స్థిరపడి, 1964 డిసెంబరు 1వ తేదీన మన ఒడిశాలోని భువనేశ్వరమున కన్నుమూసెను. మన ముంగిటనే జీవించిన శాస్త్రజ్ఞుని సంగతి మన పిల్లలు ఎఱుగకుండుట తగదు.

ఇక నామధేయము. ఎంజైములకు ఎవరికి తోచిన పేరు వారు పెట్టుటచే గందరగోళ మేర్పడగా, అంతర్జాతీయ జీవరసాయన సంఘమువారు 1956లో ఒక కమిషనును నియమించిరి. ఆ కమిషను తన మొదటి నివేదికను 1961లో ప్రకటించెను. ప్రతి ఎంజైమునకును, అది జరుపు రసాయనక్రియను బట్టి నాలుగంకెల సంఖ్య నీయవలెనని నిర్ణయమైనది. మన ఎంజైము సంఖ్య 1.14.12.17. దీనిని ఉత్తరముపై చిరునామా వలె చదువవలెను. మొదటి 1 రాష్ట్రము వంటిది: ఎలక్ట్రానులను ఒకదానినుండి మఱియొకదానికి మార్చు ఎంజైముల వర్గము. 14 జిల్లా: ఇద్దరు దాతలపై పనిచేయుచు ప్రాణవాయువును వినియోగించునవి. 12 గ్రామము: ఆ దాతలలో ఎన్.ఎ.డి.హెచ్. గాని దాని సోదరపదార్థము గాని యొకటియై, రెండవ దానిలో రెండు ఆమ్లజని పరమాణువులను చేర్చునవి. 17 ఇంటి నంబరు. మొదట ఆరే యున్న వర్గములకు 2018లో ఏడవది చేర్చబడెను. క్రొత్త రాష్ట్ర మేర్పడినను పాత చిరునామాలు చెడలేదు.

వాడుకలోని పేరు ‘నైట్రిక్ ఆక్సైడ్ డయాక్సిజనేజ్’. ‘డై’ యనగా రెండు, ‘ఆక్సిజన్’ ఆమ్లజని, చివరి ‘ఏజ్’ ఎంజైములకు తగిలించు ప్రత్యయము. నైట్రిక్ ఆక్సైడులో రెండు ఆమ్లజని పరమాణువులను చేర్చు ఎంజైమని తాత్పర్యము. శాస్త్రసమ్మతమైన పూర్తినామము ‘నైట్రిక్ ఆక్సైడ్, ఎన్.ఎ.డి.(పి.)హెచ్. : ఆక్సిజన్ ఆక్సిడోరిడక్టేజ్’. ఇందు ముందున్న ఇరువురు దాతలు, రెండు చుక్కల తరువాతి ఆక్సిజన్ గ్రహీత, చివరిది వర్గనామము. ఫ్లేవోహిమోగ్లోబిన్ అనునది దేహమునుబట్టి వచ్చిన పేరు. ఇది వృత్తినిబట్టి వచ్చిన పేరు. మన పెద్దలు సార్థక నామధేయమని చెప్పునది ఇట్టిదే.

ఇంతశక్తి గల ఎంజైమును సూక్ష్మజీవి ఎల్లవేళల సిద్ధముగా నుంచుకొనదు. అందొక వివేకము కలదు. నైట్రిక్ ఆక్సైడు లేనపుడు ఈ ఎంజైము ప్రాణవాయువునకు ఎలక్ట్రానుల నిచ్చి, ఆ జీవికే హానిచేయు పదార్థమును పుట్టించును. ఒరలేని కత్తి ఉంచుకొన్నవానినే కోయును గదా! అందుచే ఎన్.ఎస్.ఆర్.ఆర్. అను కావలి మాంసకృత్తు జన్యువుపై కూర్చుండి దానిని అణచియుంచును. ఆ కావలివానియందు ఇనుము-గంధకముల ముడి యొకటి కలదు. నైట్రిక్ ఆక్సైడు వచ్చి ఆ ముడిని తాకగానే కావలివాడు తొలగును, ఎంజైము తయారగును. ప్రాణవాయువు లేని చోట ఈ ఎంజైము పనికిరాదు; అచ్చట ఎషెరీషియా కోలై మఱియొక ఎంజైముతో నైట్రిక్ ఆక్సైడును నైట్రస్ ఆక్సైడుగా మార్చును. దంతవైద్యులు వాడిన నవ్వించు వాయువు అదియే.

దీనితో మనకేమి ప్రయోజనమని అడుగువారుందురు. టైఫాయిడు జ్వరము కలిగించు క్రిమి సాల్మొనెల్లా జాతికి చెందినది. ఆ జాతిలోనే మఱియొక రకమునందు ఈ జన్యువును తొలగించి ఎలుకలపై పరీక్షింపగా, దాని రోగకారకశక్తి తగ్గినది. మందులకు లొంగని క్రిములు పెరుగుచున్న ఈ దినములలో, క్రిమిని నేరుగ చంపుటకు మాఱుగా దాని డాలును లాగివేసి, మన రక్షకకణములే దానిని జయించునట్లు చేయవచ్చునా యని శాస్త్రజ్ఞులు యోచించుచున్నారు. చర్మమున పుట్టు బూజువ్యాధులకు వాడు మైకొనజోల్ వంటి ఇమిడజోల్ మందులు ఈ ఎంజైమును ఆటంకపఱచునని 2005లో ప్రకటింపబడెను. ఇది ఇంకను పరిశోధనాదశలోని మాట, చికిత్సగా భావింపరాదు.

చివరగా మా విద్యార్థులకు ఒక్కమాట. మన పిల్లలకు పేర్ల బాధ క్రొత్త కాదు. మనము ఇంటిపేరును ముందు చెప్పుదుము; ఇతరులు దానిని వెనుకకు త్రోయుదురు, లేక ఒక్క యక్షరముగా కుదింతురు. ఒకే బాలుడు బడి పట్టికలో ఒక పేరుతోను, సర్టిఫికెట్టులో మఱియొక పేరుతోను ఉండుట మేము పలుమారులు చూచితిమి. ఆ బాలుని ఎవ్వరని అడిగిన, ఏ పేరు చెప్పవలెనో తెలియక తెల్లబోవును. ఈ ఎంజైముకును అట్టి అవస్థయే కలిగినది. దాని పనిని ఓపికతో కనుగొన్న పిమ్మటనే దానికి సరియైన పేరు కుదిరినది.

శాస్త్రనామములను ప్రపంచమంతయు పలుకునట్లే పలుకుడు, వానిని మార్చవలదు. కాని వాని అర్థమును మాతృభాషలో మీ తల్లికి చెప్పగలరో లేదో పరీక్షించుకొనుడు. ‘రెండు ఆమ్లజనులను చేర్చి విషవాయువును విరుచునది’ అని వంటయింటి గడపలో కూర్చుండి చెప్పగలిగినచో, ఆ పాఠము మీకు వచ్చినట్లే. చెప్పలేకపోయినచో, ఎన్ని మార్కులు వచ్చినను మరల మొదటినుండి చదువుడు.