అడవిలో వీడియో తీసేవాళ్ళు

పెళ్ళిలో వీడియో తీసేవాళ్ళను మీరు చూసే ఉంటారు. "అమ్మా, ఇటు చూడండి, నవ్వండి" అంటరు. మనం నవ్వుతాం. మరి పెద్దపులిని నవ్వమంటే నవ్వుతదా?

అడవి జంతువులను వీడియో తీయడమే బతుకుదెరువుగా చేసుకున్నవాళ్ళు ఉన్నారు. వాళ్ళ పనిలో ఎక్కువ భాగం ఎదురుచూడటమే. పొద్దు పొడవక ముందే నీటి గుంట దగ్గర ఆకుల చాటున కూర్చుంటారు. గాలి ఎటు వీస్తుందో చూసుకుంటారు. మనిషి వాసన తగిలితే జంతువు రానే రాదు. దగ్గు వచ్చినా ఆపుకోవాలి! పక్షి గూడు దగ్గరికి పోకూడదు. పోతే తల్లి గూడు వదిలేయవచ్చు. అందుకే దూరపు జంతువును దగ్గరగా చూపే కెమెరా వాడతారు. ఎన్నో రోజులు తిరిగినా ఒక్కోసారి పులి కనబడదు.

మన పొలాలకు నీళ్ళిచ్చే సాగర్ నుంచి కృష్ణ వెంట పైకి పోతే నల్లమల అడవి వస్తుంది. 1983లో అక్కడ పులుల రక్షిత ప్రాంతం ఏర్పడింది. 2014లో రాష్ట్రం విడిపోయాక మన వైపు భాగానికి అమ్రాబాద్ పేరు వచ్చింది. అక్కడ చెట్లకు చిన్న కెమెరాలు కడతారు. జంతువు ముందు నుంచి పోతే, దాని ఒంటి వేడికి కెమెరా తనంతట తానే బొమ్మ తీస్తుంది. బాటకు అటొకటి, ఇటొకటి కడతారు. ఎందుకంటే పులికి కుడి పక్క చారలు వేరు, ఎడమ పక్క చారలు వేరు. ఏ రెండు పులుల చారలూ ఒక్కతీరుగ ఉండవు, మన వేలిముద్రల్లాగ. వేలిముద్ర సంగతి మనకు తెలియనిదా! చారలను బట్టి పులులను లెక్కపెడతారు. పులి ఏ బాటన పోయిందో అడుగుజాడ చూసి చెప్పగలిగేది అక్కడి చెంచులు.

ఇంత కష్టపడి బొమ్మలు తీస్తే ఏం లాభమని అడుగుతారా? గుజరాత్ సముద్రం ఒడ్డున జరిగిన సంగతి వినండి.

అక్కడి నీళ్ళలోకి వేల్ షార్క్ అనే సొరచేప వస్తుంది. 40 అడుగుల దాకా పెరుగుతుంది. మనిషి జోలికి రాదు. నూనె కోసం, మాంసం కోసం దాన్ని చంపేవారు. మైక్ పాండే అనే ఆయన ఆ వేటను వీడియో తీశారు. 2000లో ఆ సినిమా బయటికి వచ్చింది. 2001లో ప్రభుత్వం ఆ వేటను ఆపింది. పులికి ఉన్న చట్టమే ఆ చేపకూ వర్తించింది.

మరి జాలరుల పొట్ట సంగతి? అది అడగవలసిన మాటే. ఆ చేప వలలో పడితే వల కోసి వదలాలి. వల అంటే వాళ్ళకు పెట్టుబడి. అందుకని తెగిన వలకు గుజరాత్ ప్రభుత్వం నష్టపరిహారం పెట్టింది. చేపను వదిలినట్టు సాక్ష్యం కావాలి కదా. జాలరుల చేతికే కెమెరాలు ఇచ్చారు. ఒకరు వల కోస్తుంటే, ఇంకొకరు పడవ మీద నిలబడి బొమ్మ తీస్తారు.