ఈ హీరోకి ఆయాసం వస్తుంది!

మన సినిమాల్లో హీరో ఒక్క గుద్దు గుద్దితే పదిమంది గాల్లోకి లేస్తారు. ఆయనకి మాత్రం చెమట కూడా పట్టదు. ‘డేర్‌డెవిల్’ మొదటి సీజన్‌లో అలా కాదు. హీరోకి దెబ్బలు తగులుతాయి, ఆయాసం వస్తుంది. నాకు ఆ సీజన్ అంతగా నచ్చింది అందుకే.

2015 ఏప్రిల్‌లో నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చిన ఈ 13 ఎపిసోడ్ల కథ న్యూయార్క్‌లోని హెల్స్ కిచెన్ అనే పేటలో జరుగుతుంది. మ్యాట్ మర్డాక్ (చార్లీ కాక్స్) చిన్నప్పుడే యాక్సిడెంట్‌లో చూపు పోగొట్టుకున్నాడు. కానీ అతనివి పాము చెవులు. ఎదుటివాడి గుండె చప్పుడుని బట్టి అబద్ధం పట్టేస్తాడు. పగలు లాయర్, రాత్రి ముసుగు వీరుడు.

రెండో ఎపిసోడ్ చివర్లో కారిడార్ ఫైట్ ఉంటుంది చూడండి... కట్ లేకుండా ఒకే షాట్‌లా సాగుతుంది. కిడ్నాపైన పిల్లాడి కోసం వచ్చిన మ్యాట్ అప్పటికే గాయాలతో ఉన్నాడు. కొడతాడు, పడతాడు, గోడకి ఆనుకుని ఊపిరి తీసుకుంటాడు, మళ్లీ లేస్తాడు. ఆ లేవడమే అతని అసలు పవర్!

ఇక విలన్ విల్సన్ ఫిస్క్ (విన్సెంట్ డొనోఫ్రియో). గ్రహాంతరవాసి కాదు, లోకాన్ని పేల్చేద్దామనుకోడు. ఊరిని బాగుచేస్తున్నానని మనస్ఫూర్తిగా నమ్ముతాడు. ఆ ‘బాగు’ కోసం పాత ఇళ్లల్లో ఉన్నవాళ్లని వెళ్లగొట్టాలి, అంతే! మిసెస్ కార్డినాస్ అనే పెద్దావిడ ఇంటికి రిపేర్ల పేరుతో మనుషులొచ్చి, ఉన్నది కాస్తా పగలగొట్టి పోతారు. నేను అద్దె ఇళ్లల్లో పెరిగాను. ‘వచ్చే నెలకి ఖాళీ చేయండి’ అన్న మాట వినగానే అమ్మ మొహం ఎలా మారిపోయేదో నాకు తెలుసు. అందుకే ఆవిడ సీన్లు నాకు ఫైట్లకంటే ఎక్కువ టెన్షన్ పెట్టాయి.

ఆవిడ ఇల్లు కోర్టులో నిలబడుతుందా, లేక ముసుగు వేసుకోక తప్పదా? సీజనంతా మ్యాట్‌ని నలిపేసే ప్రశ్న ఇదే. పేరున్న ఆ ఎర్ర సూట్ కూడా చివరి ఎపిసోడ్‌లోగానీ ఒంటిమీదికి రాదు. అప్పటిదాకా నల్లబట్టలే. హీరో అవడానికి ముందు పడే కష్టమే ఇక్కడ కథ.

రక్తం కాస్త ఎక్కువే, పిల్లల్ని పక్కన కూర్చోబెట్టుకోకండి. హెడ్‌ఫోన్స్ మాత్రం పెట్టుకోండి, వినికిడే ప్రాణమైన కథ కదా! ముందు రెండు ఎపిసోడ్లు చూడండి చాలు. ఆ పిల్లాణ్ని ఎత్తుకుని మ్యాట్ బయటికొచ్చేసరికి, మూడోది మీరే నొక్కేస్తారు.