కాలయంత్రం

కాలయంత్రం లేదా టైం మెషీన్ అనగా మనిషిని గతకాలానికి గానీ భవిష్యత్తుకు గానీ చేర్చగల కాల్పనిక యంత్రం. ఇటువంటి యంత్రమేదీ వాస్తవంలో లేదు. కథలలో దీనిని రెండు పనులకు వాడుతారు. ఒకటి, మరో కాలాన్ని చూచి రావడం. రెండవది, జరిగిపోయిన దానిని సరిదిద్దడం, అంటే చెడిన కాలరేఖకు మరమ్మతు చేయడం. మొదటిది విహారయాత్ర వంటిది. రెండవదానిని దాదాపు కథకులందరూ ప్రమాదకరమైనదిగానే చిత్రించారు.

పూర్వకథలు

యంత్రం లేకుండానే కాలాన్ని దాటిన కథ భాగవతం నవమ స్కంధంలో ఉంది. కకుద్మి అనే రాజు తన కుమార్తె రేవతికి తగిన వరుని గూర్చి అడుగుటకు బ్రహ్మలోకానికి వెళ్ళి, అక్కడ సంగీతం వింటూ కొద్దిసేపు ఆగుతాడు. ఈలోగా భూమిపై ఇరవై ఏడు చతుర్యుగాలు గడిచిపోతాయి. రాజు మనసులో అనుకొన్న వరులెవరూ మిగలరు. బ్రహ్మ సలహాపై రేవతిని బలరామునికిచ్చి వివాహం చేస్తాడు. ఈ కథలో వెనుకకు వెళ్ళే దారి లేదు, రాజు దానిని కోరనూ లేదు.

యంత్రంతో కూడిన కథలకు 1895లో వెలువడిన హెచ్.జి.వెల్స్ నవల 'ది టైం మెషీన్' ప్రసిద్ధి తెచ్చింది. అంతకు ముందే 1887లో స్పెయిన్ రచయిత ఎన్రికే గాస్పర్ ఇటువంటి యంత్రంతో ఒక నవల వ్రాశాడు గానీ, పేరు మాత్రం వెల్స్‌కే దక్కింది.

మరమ్మతులోని చిక్కు

చెరువులపై ఆధారపడిన గంగవరం, పలమనేరు ప్రాంతాల వారికి సులభంగా బోధపడే ఉదాహరణ ఒకటి తీసుకొందాం. ఒక ఊరిలో రాత్రివేళ చెరువు కట్ట తెగి ఇళ్ళు కొట్టుకుపోయాయి. ప్రాణాలతో మిగిలిన ఒక వ్యక్తి కాలయంత్రంలో ముందురోజుకు వెళ్ళి, కట్ట బలహీనంగా ఉన్న చోట మట్టి వేసి గట్టి చేశాడు. ఇప్పుడు కట్ట తెగలేదు, ఊరు మునగలేదు. ఊరు మునగనప్పుడు అతడు వెనుకకు వెళ్ళవలసిన అవసరమే లేదు. అతడు వెళ్ళకపోతే కట్టను గట్టి చేసినదెవరు? కట్ట మళ్ళీ తెగవలసిందే. ఈ విధంగా మరమ్మతు ఫలించిన మరుక్షణమే దానికి కారణం మాయమవుతుంది. తన తాతను బాల్యంలోనే చంపిన మనవడి కథగా ఈ చిక్కు ఎక్కువ ప్రచారం పొందింది. కట్ట ఉదాహరణలో ఎవరినీ చంపనక్కరలేదు, మేలు చేయబోయినా చిక్కు అదే.

దీనికి శాస్త్రవేత్తలు మూడు విధాల సమాధానాలు సూచించారు. రష్యా శాస్త్రవేత్త ఇగోర్ నోవికోవ్ ప్రకారం గతం తనతో తాను పొసిగే విధంగానే ఉంటుంది. అంటే కట్టను గట్టి చేయబోయిన వ్యక్తి విఫలుడవుతాడు, లేదా అతని త్రవ్వకమే గండికి కారణమై ఉంటుంది. హ్యూ ఎవరెట్ 1957లో ప్రతిపాదించిన బహుళ విశ్వాల భావనను డేవిడ్ డ్యూష్ 1991లో ఈ సమస్యకు అన్వయించాడు. దాని ప్రకారం కట్ట నిలిచిన లోకం వేరు, ఆ వ్యక్తి బయలుదేరిన లోకం వేరు. అతని సొంత ఊరు మాత్రం నీటిలోనే ఉంటుంది. ఈ సమాధానం తర్కానికి సరిపోతుందే గానీ, ఊరు పోగొట్టుకొన్న వాడికి ఏమాత్రం ఊరట కాదు. ఇక స్టీఫెన్ హాకింగ్ 1992లో, గతానికి పోయే దారిని ప్రకృతి నియమాలే మూసివేస్తాయని ఊహించాడు.

ప్రమాదం ఎక్కడ

ఐజాక్ అసిమోవ్ నవల 'ది ఎండ్ ఆఫ్ ఎటర్నిటీ' (1955)లో చరిత్రను దిద్దడమే వృత్తిగా గల ఒక సంస్థ ఉంటుంది. మానవులకు హాని కలగకుండా కాలరేఖను మార్చడం దాని పని. కానీ ప్రతి మార్పులోనూ అంతవరకు జీవించిన మనుషులు తుడిచిపెట్టుకుపోతారు. పై ఉదాహరణలోనే చూస్తే, ఊరు మునిగిన తరువాత వలస వెళ్ళినవారు వేరేచోట పెళ్ళిళ్ళు చేసుకొని పిల్లలను కన్నారనుకొందాం. కట్ట నిలిస్తే ఆ పిల్లలు లేరు. వారు చనిపోయినట్లు కూడా కాదు, అసలు పుట్టనే లేదు. తమకు అన్యాయం జరిగిందని చెప్పడానికి వారిలో ఒక్కరూ ఉండరు. ఏ చరిత్ర చెడినది, ఏది బాగున్నది అని నిర్ణయించే అధికారం ఎవరిదన్న ప్రశ్న ఇక్కడ నుండే పుడుతుంది.

వాస్తవ విజ్ఞానం

భవిష్యత్తు వైపు ప్రయాణం స్వల్పంగా నిజమే. ఐన్‌స్టీన్ సాపేక్షతా సిద్ధాంతం ప్రకారం వేగంగా కదిలే గడియారం నెమ్మదిగా నడుస్తుంది. ఆరు యాత్రలలో మొత్తం 803 రోజులు అంతరిక్షంలో గడిపిన సెర్గీ క్రికలేవ్, భూమిపై ఉన్నవారికంటే సెకనులో సుమారు యాభైయవ వంతు తక్కువ కాలం జీవించాడు. గతం వైపు మాత్రం ఎవరూ, ఏదీ వెళ్ళిన దాఖలా లేదు.

తెలుగు సినిమాలలో

సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వంలో 1991లో విడుదలైన 'ఆదిత్య 369' కాలయంత్రాన్ని తెలుగువారికి ఇంటిమాట చేసింది. ఇందులో నందమూరి బాలకృష్ణ కృష్ణకుమార్‌గా, శ్రీకృష్ణదేవరాయలుగా రెండు పాత్రలు ధరించాడు. యంత్రాన్ని నిర్మించిన ప్రొఫెసర్‌గా టిన్ను ఆనంద్ నటించాడు. మాటలు జంధ్యాల, సంగీతం ఇళయరాజా. కథానాయకుడు, నాయిక 1526 నాటి విజయనగరానికి, అటుపై మూడవ ప్రపంచ యుద్ధం తరువాత జనం భూగర్భంలో నివసిస్తున్న 2504వ సంవత్సరానికి వెళతారు. వీరు ప్రధానంగా చూపరులే. జరిగిన చరిత్రను దిద్దడం వీరి ఉద్దేశం కాదు. ఈ చిత్రాన్ని 2025 ఏప్రిల్‌లో తిరిగి విడుదల చేశారు.

దిద్దుబాటు కోరిక తరువాతి చిత్రాలలో కనిపిస్తుంది. విక్రమ్ కుమార్ దర్శకత్వం వహించిన '24' (2016, తమిళ మూలం)లో కాలాన్ని వెనుకకు త్రిప్పే చేతిగడియారం కోసం అన్నదమ్ముల మధ్య హత్యలు జరుగుతాయి. మరమ్మతు సాధనం దుర్మార్గునికీ అంతే బాగా పనిచేస్తుందని చూపిన చిత్రమిది. 2022లో వచ్చిన 'ఒకే ఒక జీవితం'లో శర్వానంద్ పోషించిన ఆది అనే యువకుడు, ప్రమాదంలో మరణించిన తల్లిని కాపాడుకొనుటకు ఇద్దరు మిత్రులతో కలిసి 1998కి వెళతాడు. తల్లిగా అమల, యంత్రాన్ని తయారుచేసిన శాస్త్రవేత్తగా నాజర్ నటించారు. ఆ మిత్రులు తమ చిన్ననాటి రూపాలనే ఎదురుగా కలుసుకొని, మీరు ఇలా చేయండి అని హితవు చెప్పబోతారు. పిల్లలు పెద్దల మాట వినరు. ఆ పెద్దలు తామే అయినా సరే.